జ్ఞానానందం గారి తొంభై రోజులు

ఎవరైనా పోయారని కబురు చెబితే జ్ఞానానందం గారు ముందు గోడ మీది కేలండరు వంక చూస్తారు. ఆ తర్వాతే చెప్పినవాళ్ళ మొహం వంక చూస్తారు. ఈ రెండు చూపుల మధ్య ఆయన పెదవులు కదులుతాయి. ఎరగనివాళ్ళు ఆ కుటుంబం కోసం ప్రార్థన చేస్తున్నారనుకుని తామూ తల వంచుకుంటారు. ఆయన రోజులు లెక్కపెడుతున్నారని లాయరు అలేఖ్యకి ఆయనతో పనిచేసిన మొదటి వారంలోనే తెలిసిపోయింది.

తెనాలి కోర్టులో ఆయన ప్లీడరు గుమాస్తా. నలభై ఒక్క ఏళ్ళ అనుభవం. అలేఖ్య సీనియరు మోకాళ్ళ నొప్పులతో కోర్టు మెట్లెక్కడం మానేసి, రెండేళ్ళ కిందట తన ఆఫీసు ఆమెకి అప్పగించారు. అందులో మూడు బీరువాలు, ఒక కుంటి టేబులు, రెండొందల పైచిలుకు కేసు కట్టలు, జ్ఞానానందం గారు వచ్చారు. "బీరువా తాళం పోతే కొత్తది చేయించుకో. ఆయన పోతే మాత్రం ఆఫీసు మూసుకో" అన్నారు సీనియరు. అప్పుడది మెచ్చుకోలులాగా వినపడింది. ఇప్పుడు తలుచుకుంటే బెదిరింపులాగా ఉంది.

చట్టం సంగతి పెద్దదేం కాదు. కేసు వేసిన మనిషిని వాది అంటారు. కేసు నడుస్తుండగా వాది కన్నుమూస్తే, అతని వారసులు తొంభై రోజుల్లో కోర్టుకొచ్చి, ఆయన తరఫున ఇక మేమున్నామని పిటిషన్ పెట్టుకోవాలి. పెట్టుకోకపోతే మనిషి వెనకాలే కేసూ పోతుంది. పోయిన కేసుని మళ్ళీ లేపుకోవడానికి దారి ఉంది గానీ, ఆలస్యానికి కారణాలు చెప్పుకుంటూ పిటిషన్ మీద పిటిషన్ వేసుకోవాలి. ఈ సంగతి లాయర్లందరికీ తెలుసు. ఫోనులో గుర్తు పెట్టుకుని, మిగతా పనుల్లో పడిపోతారు. జ్ఞానానందం గారు మిగతా పనుల్లో పడరు.

ఆయన పేపరు వెనక నుంచి చదువుతారు. జిల్లా పేజీలో శ్రద్ధాంజలి ఫొటోలు అయ్యాకే ప్రభుత్వాలూ, క్రికెట్టూ. ఒకసారి బాపట్ల కోర్టుకి స్కూటీ మీద పోతుంటే వెనక నుంచి "ఆపండి ఆపండి" అన్నారు. టైరు పేలిందేమోనని అలేఖ్య గబుక్కున బ్రేకు వేసింది. ఆయన దిగి, రోడ్డు పక్కన కట్టిన అశ్రునివాళి ఫ్లెక్సీ దగ్గరికి వెళ్ళి, కళ్ళద్దాలు పెట్టుకుని, ఫొటోలో పెద్దాయన్ని తల నుంచి చొక్కా గుండీల దాకా పరిశీలించి వచ్చారు.

"మన వాది కాదండి. పదండి."

"ఎవరనుకున్నారు?"

"చొక్కా చూసి మన వాది అనుకున్నానండి."

కొత్తగా కేసు వేయడానికి ఎవరొచ్చినా ఆయన కూర్చోమంటారు, మంచినీళ్ళిస్తారు, పేరు, ఊరు, సర్వే నంబరు రాసుకుంటారు. తర్వాత కలం మూత పెట్టకుండానే అడుగుతారు: "మీ తర్వాత ఎవరండి?" డెబ్బై ఎనిమిదేళ్ళ బసవేశ్వరరావు గారు ఆస్తి పంపకాల కేసు వేయడానికి వచ్చి, ఆ ప్రశ్న విని కుర్చీలోంచి లేచిపోయారు.

"ఏంటయ్యా నువ్వనేది? నేనింకా బతికే ఉన్నాను."

"ఉన్నారు కాబట్టే మిమ్మల్ని అడుగుతున్నానండి. తర్వాత ఎవర్ని అడగను?"

బసవేశ్వరరావు గారు మళ్ళీ కూర్చున్నారు. ఇద్దరు కొడుకులు, ఒక కూతురు, ముగ్గురి ఫోను నంబర్లూ చెప్పారు. పోతూ పోతూ, "ఈయన మీ దగ్గర జీతానికి ఉన్నాడా, యముడి దగ్గరా?" అని అలేఖ్యని అడిగారు.

పెద్దకర్మలకీ, చర్చివాళ్ళ ఆదరణ కూడికలకీ కూడా ఆయన తప్పకుండా వెళతారు. చంకలో సంచి ఉంటుంది. అందులో వకాల్తా ఫారాలు, వేలిముద్రల ఇంకు డబ్బా. పప్పు వడ్డన అయ్యేదాకా ఆగి, పోయినాయన భార్య పక్కకి చేరతారు. "ఏడవండమ్మా, తొందరేం లేదు. ఇంకా డెబ్బై తొమ్మిది రోజులుంది" అంటారు. ఆ మాట అలేఖ్య స్వయంగా వింది. విస్తరి ముందు నుంచి సగంలో లేచి వచ్చేసింది.

ఇంత లెక్కపెట్టే మనిషి పిటిషన్లు పదో రోజునో పదిహేనో రోజునో వేసేయాలి కదా. ఒక్కటీ వేయరు. ఎనభై దాటితే గానీ ఆయన చేతిలోంచి కాగితం కదలదు. కారణం అడిగితే, వారసులంతా సంతకాలు పెట్టాలంటారు. అంతా అంటే అంతా. హైదరాబాదులో ఉన్న చిన్నకొడుకు, ఇంట్లో ఎవరితోనూ మాటల్లేని పెద్దకొడుకు, పుట్టింటి గడప తొక్కనని ఒట్టు పెట్టుకున్న కూతురు. ఒక్కరు తగ్గినా కేసు పోతుందని వాళ్ళందర్నీ బెదిరిస్తారు.

"ఒక్కరు వేసినా చాలండి. కేసు బతుకుతుంది. మిగతావాళ్ళని తర్వాత చేర్చుకోవచ్చు. చట్టం అదే" అని అలేఖ్య పాతికసార్లు చెప్పింది.

"మీరు చెప్పేది పుస్తకమండి. నేను చెప్పేది ప్రాక్టీసు" అంటారు ఆయన. ఆ మాట మీద అప్పీలు లేదు.

ఆగస్టు ఇరవయ్యో తారీఖున కొలకలూరు శాలేమురాజు గారు పోయారు. ఆయనది అలేఖ్య సొంతంగా వేసిన మొదటి కేసు. ఆయనకి ఎకరంన్నర పొలం. అందులోకి బండి పోవాలంటే ఒకటే డొంకదారి. పక్క పొలం ఆసామి ఆ డొంకకి అడ్డంగా రాళ్ళు పాతి కంచె వేశాడు. అలేఖ్య కేసు వేసి, అది తేలేదాకా దారి వదలాలని కోర్టు నుంచి ఉత్తర్వు తెచ్చింది. ఆసామి రాళ్ళు పీకాడు గానీ దూరం తీసుకుపోలేదు. గట్టు మీదే పేర్చుకుని, కేసు ఎప్పుడు పోతుందా అని చూస్తున్నాడు. కేసు పోతే ఉత్తర్వూ పోతుంది. నవంబరు ఆఖరులో కోతలు. కోత మిషన్ నెత్తిన పెట్టుకుని మోసుకెళ్ళేది కాదు. తొంభయ్యో రోజు నవంబరు పద్దెనిమిది.

పదమూడో రోజున శాలేమురాజు గారి కొడుకు వినోద్ కుమార్ ఆఫీసుకి వచ్చాడు. స్కూల్లో లెక్కల టీచరు. చొక్కా జేబులో ఎర్ర పెన్ను, నీలం పెన్ను. సంతకం ఎక్కడ పెట్టాలో చూపిస్తే పెట్టి వెళ్ళిపోతానన్నాడు.

"మీరు, మీ అమ్మగారు అచ్చమ్మ గారు, మీ చెల్లెలు గారు. ముగ్గురూ పెట్టాలండి" అన్నారు జ్ఞానానందం గారు.

"నాకు చెల్లెలు లేదండి."

ఆయన తన పుస్తకం తీసి పేజీలు తిప్పారు. "రిబ్కా. మీ నాన్నగారే చెప్పి రాయించారు. ఇదిగో."

వినోద్ కుమార్ పుస్తకం తన వైపు తిప్పుకుని చూశాడు. "ఆయన రాయించాడా?"

"కేసు వేసిన రోజే. ముందు ఆ అమ్మాయి పేరే చెప్పారు. మీది రెండోది."

లెక్కల టీచరుకి ఆ వరస నచ్చలేదు. ఆ పేరు తమ ఇంట్లో ఎవరూ ఎత్తరని చెప్పాడు. శాలేమురాజు గారు లూథరన్ సంఘంలో పెద్ద. ముప్పై ఏళ్ళు చందా పళ్ళెం పట్టినవాడు. రిబ్కాకి నెలల పిల్లప్పుడే తల మీద నీళ్ళు చల్లించి బాప్తిస్మం ఇప్పించాడు. ఆమె పెళ్ళయ్యాక మొగుడివాళ్ళ సంఘంలో చేరి, కాలవలో నిలువునా మునిగి మళ్ళీ బాప్తిస్మం తీసుకుంది. నేనిప్పించిన నీళ్ళు చాలలేదా అని ఆయన అడిగాడు. చాలలేదని ఆమె అంది. పదకొండేళ్ళయింది. నాన్నని పాతిపెట్టిన రోజు సమాధుల తోట గోడ బయట నుంచుని అట్నుంచి అటే వెళ్ళిపోయిందట.

"ఒక్కరి సంతకం చాలండి" అంది అలేఖ్య.

"ముగ్గురండి" అన్నారు జ్ఞానానందం గారు.

క్లయింటు ముందు లాయరూ గుమాస్తా తలో మాటా చెబితే ఆఫీసు పరువు పోతుందని అలేఖ్య నోరు మూసుకుంది. ముప్పై రెండో రోజున ఆయన టీ తాగడానికి వెళ్ళినప్పుడు వినోద్ కుమార్‌ని పిలిపించి, అతని ఒక్కడి పేరనే పిటిషన్ టైపు చేసి సంతకం పెట్టించుకుంది. దాన్ని తన బ్యాగు పక్క అరలో పెట్టుకుంది. వేద్దామనుకున్న ప్రతిసారీ ఆయన ఒక అడ్డంకి తెచ్చారు. మరణ ధ్రువపత్రంలో శాలేమురాజు అని ఉండాల్సింది సాలెంరాజు అని పడింది. అది దిద్దించడానికి మూడు వారాలు తిప్పారు. నిజానికి నాలుగో రోజే దిద్ది ఇచ్చారని, మిగతా పదిహేడు రోజులూ ఆ కాగితం ఆయన సంచిలోనే ఉందని తర్వాతెప్పుడో తెలిసింది.

యాభై మూడో రోజు రెండో శనివారం. ఆయన పాసింజరు ఎక్కి రిబ్కా కోసం రేపల్లె వెళ్ళారు. సాయంత్రం ఒక్కరే తిరిగొచ్చారు. ఆమె కుటుంబం రెండేళ్ళ కిందటే బాపట్ల మారిందట.

"ఫోను చేసి కనుక్కోవచ్చు కదండి."

"ఫోనులో అయితే కుదరదని చెప్పేస్తుందండి. మనిషి ఎదురుగా ఉంటే ముందు మంచినీళ్ళివ్వాలి కదా. ఆ కాస్త టైము దొరుకుతుంది."

అరవై రెండో రోజున అలేఖ్యకి బాపట్ల కోర్టులో వేరే పని పడింది. పని అయ్యాక ఆయన ఆమెని బస్టాండు వెనక సందులో ఒక టైలరింగ్ షాపుకి తీసుకెళ్ళారు. మిషను ముందు తెల్లచీర కట్టుకున్న ఆవిడ ఉంది. కాలవ బాప్తిస్మం సంఘంవాళ్ళ తీరులో మెడలోనూ చెవులకీ ఏమీ లేవు. కత్తెరతో గుడ్డ కోస్తోంది.

"వందనాలమ్మా" అన్నారు జ్ఞానానందం గారు.

"వందనాలు బాబాయ్. బ్లౌజులా?"

"కాదమ్మా. మీ నాన్నగారిది ఇవాళ అరవై రెండో రోజు."

కత్తెర గుడ్డ మధ్యలో ఆగింది. అలేఖ్యకి భూమిలోకి కుంగిపోదామనిపించింది.

"పోయినవాళ్ళకి రోజులు లెక్కపెట్టడం మా సంఘంలో లేదండి" అంది రిబ్కా.

"మా దాంట్లోనూ లేదమ్మా. కోర్టులో ఉంది."

ఆయన కేసు సంగతంతా చెప్పారు. రిబ్కా మంచినీళ్ళిచ్చింది. మిగిలిన గుడ్డ కోయడం పూర్తి చేసింది. "నేను కూతుర్ని కాదని ఆయనే అన్నాడండి. చర్చి మెట్ల మీద నించుని, అందరూ వింటుండగా అన్నాడు. కూతురు కానిదాన్ని వారసురాలిని ఎట్టా అవుతాను?"

"రాసిచ్చారా?"

"ఏంటి?"

"కూతురు కాదని కాగితం మీద ఏమైనా రాసిచ్చారా అని."

"కోపంలో అన్న మాటకి కాగితం ఏంటి బాబాయ్."

"మరదే చిక్కు. నోటిమాట కోర్టుకి పనికిరాదు. కూతురు కాదని నువ్వే రాసి సంతకం పెట్టొచ్చు. నాకేం అభ్యంతరం లేదు. కాకపోతే ఆ సంతకం కూతురే వచ్చి పెట్టాలి."

రిబ్కా ఆ మాటని రెండుసార్లు మనసులో తిప్పుకున్నట్టుంది. "ఎక్కడికి రావాలి?"

"పోయిన వాది ఆఖర్న ఏ ఇంట్లో ఉన్నాడో ఆ ఇంటికి. మీ అమ్మగారి ఎదురుగా."

అలేఖ్య దగ్గింది. ఆయన వినిపించుకోలేదు.

"ఇప్పుడు కుదరదండి. మాకు ఉపవాస కూడికలున్నాయి. నవంబరు పదిహేడు ఆదివారం, మా ఆరాధన అయ్యాక వస్తాను" అంది రిబ్కా. వాళ్ళు లేచి గుమ్మం దాకా వచ్చాక, మిషను మీద నుంచి తలెత్తకుండా అడిగింది. "అమ్మ మోకాలు ఎట్టా ఉందండి?"

"ఆ వివరం కేసు కట్టలో లేదమ్మా. వచ్చినప్పుడు చూసుకో" అన్నారు జ్ఞానానందం గారు.

అలేఖ్య విసవిసా నడుస్తూ సందు దాటింది. దాటాక ఆగింది. "పదిహేడంటే ఎనభై తొమ్మిదో రోజు. ఆ రోజు ఆమెకి జ్వరమొస్తే? బస్సు రాకపోతే? అసలు చనిపోయిన మనిషి ఇంట్లోనే సంతకం పెట్టాలని ఏ చట్టంలో ఉందండి?"

"ప్రాక్టీసండి."

"కూతురు కాదని కూతురే వచ్చి చెప్పాలని?"

"అదీ ప్రాక్టీసే."

ఆ రాత్రి ఆమె సీనియరుకి మెసేజి పెట్టి, గుమాస్తాని మార్చాలనుకుంటున్నానని రాసింది. ఆయన చప్పట్ల బొమ్మ ఒకటి పంపించి ఊరుకున్నారు.

ఎనభై ఎనిమిదో రోజు శనివారం. అలేఖ్య లోపలి గదిలో బీరువా వెనక పాత కట్ట వెతుకుతోంది. బయట గదిలోకి ఇంకో లాయరు దగ్గర పనిచేసే గిరీష్ వచ్చాడు. ఆమె ఉన్నట్టు అతను చూడలేదు.

"బాబాయ్, మా సారు అడిగి రమ్మన్నాడు. వాది పోయాడు. అయిదుగురు వారసులు. అందులో ఇద్దరు దుబాయ్‌లో ఉన్నారు. అందరూ పెట్టాలా?"

"ఎందుకురా? టైములోపల ఒక్కడు పిటిషన్ పెడితే చాలు, కేసు పోదు. ఆస్తి తరఫున కోర్టులో మనిషి ఉన్నట్టే లెక్క. వాడు కావాలని మిగతావాళ్ళని దాచిపెట్టకుండా పేర్లు రాస్తే సరి. దుబాయ్‌వాళ్ళని తీరిగ్గా చేర్చుకోండి. దీని మీద తీర్పులు కూడా ఉన్నాయి, నంబర్లు రాసుకో." ఆయన తడుముకోకుండా నాలుగు తీర్పుల నంబర్లు, సంవత్సరాలతో సహా చెప్పారు. ఆ నాలుగింట్లో ఒకటి అలేఖ్యకి కూడా తెలియదు.

గిరీష్ వెళ్ళాక ఆమె బీరువా వెనక నుంచి బయటికి వచ్చింది. జ్ఞానానందం గారు ఆమెని చూసి, టేబులు మీది గుండుసూదుల డబ్బా సర్దడం మొదలుపెట్టారు.

"గిరీష్ వాళ్ళకి ఒక్కడు చాలన్నమాట."

"చాలండి."

"మనకి?"

"మన ఆఫీసు ప్రాక్టీసు వేరండి."

"జ్ఞానానందం గారూ, నేను సీరియస్‌గా అడుగుతున్నాను."

ఆయన డబ్బా పక్కన పెట్టారు. "ఆ పిటిషన్ రాయడానికి ఎంతసేపు పడుతుందండి?"

"గంట."

"గంట పనికి తొంభై రోజులిచ్చారు. మిగతా రోజులు దేనికంటారు?"

అలేఖ్య చేతిలో ఉన్న పాత కట్ట టేబులు మీద పెట్టింది.

"మామూలుగా పిలిస్తే ఎవరూ రారండి. నేనెందుకు రావాలి, వాడే రావాలి అంటారు. కోర్టు రమ్మందంటే వస్తారు. మనసులో రావాలనున్నా ఒక వంక కావాలి కదండి. రోషం చెడకుండా రావడానికి." ఆయన మళ్ళీ డబ్బా అందుకున్నారు. "కొంతమంది రారు. వచ్చి కొట్టుకున్నవాళ్ళూ ఉన్నారు. ఒకసారి నాకే తగిలింది."

"ఇది చాలా బావుంది. రేపామె రాకపోతే, ఎల్లుండితో నా కేసు పోతుంది. ఆ అచ్చమ్మగారి పొలానికి దారి పోతుంది. దానికి మీ ప్రాక్టీసు ఏం చెబుతుంది?"

"మీ బ్యాగు పక్క అరలో వినోద్ గారి సంతకం ఉందిగా అండి. ముప్పై రెండో రోజున పెట్టించారు." ఆయన గొంతులో తప్పు చేసినవాడి ఛాయలు లేవు. "అది చూసే నేను ధైర్యంగా ఉన్నాను. సీనియరు గారు అట్లా ముందే పెట్టుకునేవారు కాదు. ఆయన దగ్గర నాకు నిద్ర పట్టేది కాదండి."

అలేఖ్య తన టేబులు దగ్గరికి వెళ్ళింది. బ్యాగు జిప్పు లాగి చూసుకుంది. కాగితం అక్కడే ఉంది. ధ్రువపత్రం చూసి తను సాలెంరాజు అని టైపు చేసిన చోట, పెన్సిలుతో సన్నగా దిద్ది ఉంది.

మర్నాడు మధ్యాహ్నం ఇద్దరూ కొలకలూరు వెళ్ళారు. అచ్చమ్మ వసారాలో మంచం వాల్చి దుప్పటి పరిచింది. మోకాలికి గుడ్డ కట్టుకుంది. రెండు గంటలకి వస్తానన్న రిబ్కా మూడున్నరకీ రాలేదు. అచ్చమ్మ ఎవరి కోసమూ చూడనట్టు వీధి వైపే తిరిగి కూర్చుంది. నాలుగుసార్లు కూర వేడి చేసింది.

నాలుగింటికి వినోద్ కుమార్ ఫోను చేతిలో పట్టుకుని వచ్చాడు. "మేడమ్, ఒక మాట. ఇందులో ఒక లాయరు చెబుతున్నాడు. వారసుల్లో ఒక్కరు సంతకం పెడితే చాలంట. మీరూ మొదటి రోజు అదే అన్నారు. మరి ఈ పెద్దాయన మూడు నెలల నుంచి మమ్మల్ని ఎందుకు తిప్పుతున్నట్టు? ఈ రోజు స్పెషల్ క్లాసు మానుకుని కూర్చున్నాను. మీరు చెప్పండి. నిజంగా ముగ్గురూ కావాలా?"

జ్ఞానానందం గారు ఫ్యాను వంక చూశారు. అచ్చమ్మ చేతిలో గరిటె ఆగింది. వీధిలో ఆటో ఆగిన చప్పుడైంది. తెల్లచీర దిగింది. గేటు దగ్గరకొచ్చి, గడియ మీద చెయ్యి వేసి, తీయకుండా అట్లాగే నిలబడింది.

అబద్ధం చెప్పడం అలేఖ్యకి రాదు. బ్యాగు పక్క అరలోంచి కాగితం తీసింది. "అక్కర్లేదు వినోద్ గారూ. చట్టం ప్రకారం మీ ఒక్కరి సంతకం చాలు. మీరు పెట్టింది ఇదిగో. రేపు దీంతోనే వేసేయొచ్చు. ఆమెని వెళ్ళిపొమ్మని మీరు చెబుతారా, నన్ను చెప్పమంటారా?"

వినోద్ కుమార్ కాగితం వంక చూశాడు, గేటు వంక చూశాడు, తల్లి వంక మాత్రం చూడలేదు. ఫోను జేబులో పెట్టుకున్నాడు.

"వాకిట్లో మనిషిని నిలబెట్టి సెక్షన్లేంటి మేడమ్, బాగుండదు." వెళ్ళి గడియ తీశాడు. చెల్లెల్ని రమ్మనలేదు. గేటు సగం తెరిచి పక్కకి తప్పుకున్నాడు.

"ఇదా రావడం? కూర నాలుగుసార్లు కాచాను. ముద్దయిపోయింది" అంది అచ్చమ్మ.

"ఆరాధన ఆలస్యమైంది."

"మీవాళ్ళకి ప్రసంగం ఎక్కడ ఆపాలో తెలీదు" అన్నాడు వినోద్ కుమార్. పదకొండేళ్ళ తర్వాత చెల్లెలితో అతను అన్న మొదటి మాట అది.

రిబ్కా వచ్చి తల్లి మోకాలు చూసింది. కట్టు విప్పి, ఇట్టా కడతారా ఎవరైనా అని విసుక్కుని మళ్ళీ కట్టింది. తర్వాత చేతులు కడుక్కుని మంచం మీద కూర్చుంది. "ఎక్కడ పెట్టాలి బాబాయ్, కూతుర్ని కాదని?"

ఆయన కాగితం అందించారు. ఆమె పైనుంచి కిందికి చదివింది. "ఇందులో రిబ్కా, శాలేమురాజు గారి కుమార్తె అనుంది."

"టైపింగులో అట్లా వచ్చేసిందమ్మా. ఇప్పుడు మారిస్తే మళ్ళీ ఆలస్యం."

ఆమె ఆయన మొహం వంక చూసింది. అలేఖ్య వంక చూసింది. అలేఖ్య ఫ్యాను వంక చూస్తోంది. రిబ్కా కలం తీసుకుని, ఒక్కో అక్షరం కుట్టు వేసినట్టు సంతకం పెట్టింది. కింద అచ్చమ్మ వేలిముద్ర, దాని కింద లెక్కల టీచరు నీలం పెన్ను.

సోమవారం పదిన్నరకి పిటిషన్ పడింది. కేసు బతికింది. గట్టు మీది రాళ్ళు గట్టు మీదే ఉండిపోయాయి. గుమాస్తాని మార్చే విషయం ఏమైందని సీనియరు మెసేజి పెట్టారు. చూస్తున్నానండి అని అలేఖ్య జవాబిచ్చింది.

డిసెంబరు మొదటి వారంలో ఒక పొద్దున ఆఫీసుకి అచ్చమ్మ ఫోను చేసింది. వెనక ఇంజను మోత.

"మేడమ్ గారూ, కోత మిషన్ వచ్చిందండి. డొంకలో బానే పట్టింది. నేను ఫోను చేసింది అందుక్కాదు. వీళ్ళిద్దరి మీదా కోర్టులో ఏమైనా వేయొచ్చా అండి?"

"ఎవరి మీదమ్మా?"

"నా పిల్లల మీదే. మొదటి బస్తా దేవుడికి ఇస్తాం కదండి. అది ఊళ్ళో చర్చికి అంటాడు వాడు. బాపట్ల మందిరానికి అంటది ఇది. పొద్దుటి నుంచీ ఇదే గోల. మిషన్ డ్రైవరు పని మానేసి వింటన్నాడు."

"చెరొక బస్తా ఇవ్వండమ్మా."

"అదీ చెప్పానండి. ఏ బస్తా మొదటిదో తేలాలంట."

జ్ఞానానందం గారు రాస్తున్న కలం ఆపారు. అలేఖ్య ఫోను టేబులు మీద పెట్టి స్పీకరు నొక్కింది. ఇంజను మోత మధ్యలోంచి, నాలుగు చుక్కలు చల్లుకున్నవాళ్ళకి ఇంతే తెలుసని ఒక గొంతూ, కాలవలో మునిగితే జలుబు తప్ప ఏమొచ్చిందని ఇంకో గొంతూ వినపడుతున్నాయి.

"రెండు బస్తాలూ ఒకేసారి పట్టమనండమ్మా. అటొకరు ఇటొకరు నించుని" అంది అలేఖ్య.

అచ్చమ్మ ఆ తీర్పు గట్టిగా చదివి వినిపించింది. గొంతులు ఆగాయి. తర్వాత రిబ్కా అడిగింది.

"సరే. బస్తా మూతి ముందు ఎవరిది కుట్టాలంట?"

అలేఖ్య నుదురు పట్టుకుని ఫోను వైపు చెయ్యి చాచింది.

"పెట్టేయకండి మేడమ్ గారూ" అన్నారు జ్ఞానానందం గారు, కుర్చీ టేబులు దగ్గరికి జరుపుకుంటూ. "ఇంకాసేపు విననీండి."